పొలం దారి మీద ఇంజంక్షన్ వస్తే కేసు గెలిచినట్టేనా?

నమస్తే అండీ. ‘కోర్టు ఆర్డర్ వచ్చేసింది, ఇక దారి మాదే’ అని ఊళ్లో స్వీట్లు పంచేవాళ్లను చూస్తే నాకు ఒళ్లు మండుతుంది. చేతిలో ఉన్నది తాత్కాలిక ఇంజంక్షన్, అంటే కేసు తేలేదాకా ఫలానా పని చేయొద్దనే ఆర్డర్. అసలు విచారణ ఇంకా మొదలే కాలేదు, సాక్షి ఒక్కడు కూడా బోనెక్కలేదు. అప్పుడే గెలిచేశారట!

చిన్నప్పుడు ‘స్టాచ్యూ’ ఆట ఆడారుగా? ఒకడు ‘స్టాచ్యూ’ అనగానే, ఒంటికాలి మీద ఉన్నవాడు అలాగే నిలబడిపోవాలి. వాడు గెలిచినట్టూ కాదు, ఓడినట్టూ కాదు. అసలు దావా తేలేదాకా కోర్టు చెప్పేదీ అదే: ఎక్కడివాళ్లు అక్కడ ఆగండి అని. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఆర్డర్ 39 (ఇక్కడ ఆర్డర్ అంటే ఆ కోడ్‌లో ఒక అధ్యాయం లాంటిది), రూల్ 1, 2 కింద వచ్చేది ఇదే.

ఒక ఉదాహరణ పట్టుకుందాం. వెనక పొలం ఆయనకు మూడెకరాల వరి. రోడ్డెక్కాలంటే ముందు పొలం గట్టు పక్కనున్న బండ్ల బాటే గతి. ఒక రాత్రి ముందు పొలం ఆయన జేసీబీ తెచ్చి, బాటకు అడ్డంగా కందకం తవ్వి, పైన ముళ్లకంప వేశాడు. ఇవతల పంట కోతకొచ్చింది, కోత మిషన్ లోపలికి పోదు. వెనకాయన దావా వేసి, దాంతోపాటు ఐ.ఏ. వేశాడు, అంటే దావా తేలేలోపు ఇంజంక్షన్ ఇవ్వమని అడిగే మధ్యంతర పిటిషన్.

జడ్జి మూడు సంగతులు చూస్తారు. పైపైన చూస్తే కేసులో పస ఉందా? ఆర్డర్ ఇస్తే ఎవరికెంత ఇబ్బంది, ఇవ్వకపోతే ఎవరికెంత? తర్వాత డబ్బిచ్చినా పూడని నష్టం ఉందా? 1991లో దల్పత్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు వీటిని విడమరిచి చెప్పింది, ఒక్కటుంటే చాలదని కూడా చెప్పింది. మన ఉదాహరణలో రెండోది తేలిక. ఒకాయనకు గట్టు పక్కన పది అడుగుల నేల, అదీ కొన్నాళ్లు. ఇంకొకాయనకు ఏడాది పంట.

చిక్కంతా మొదటి దాంతోనే, అంటే కేసులో పస ఉందా అన్నదాంతోనే. ‘నాకు వేరే దారి లేదు కాబట్టి ఇవ్వాల్సిందే’ అంటారు చాలామంది. కాదండీ! పక్కవాడి నేల మీద దారి లాంటి హక్కుల సంగతి చెప్పే 1882 నాటి ఈజ్‌మెంట్స్ చట్టం సెక్షన్ 13 ప్రకారం అవసరం మీద దారి అడగాలంటే, ఆ రెండు పొలాలూ ఒకప్పుడు ఒకరి చేతిలో ఉండి, అమ్మకంలోనో పంపకంలోనో విడిపోయి ఉండాలి. అలా కాకపోతే సెక్షన్ 15: 20 ఏళ్లు బాహాటంగా, గొడవ లేకుండా, ఆటంకం లేకుండా, హక్కుగా నడిచి ఉండాలి. ఆ ‘హక్కుగా’ దగ్గరే మంచివాళ్లు దెబ్బతింటారు. ప్రతి ఏడూ ‘అన్నా, నీ చేలోంచి బండి తోలుకుంటా’ అని అడిగి నడిచారనుకోండి, అది అనుమతి. దాంతో హక్కు పుట్టదు. మర్యాదస్తుడు ఓడిపోయే చట్టం ఇది, నాకైతే అన్యాయమే అనిపిస్తుంది.

ఇప్పుడు మళ్లీ స్టాచ్యూకి వద్దాం. తెలివైనవాడు ఏం చేస్తాడు? స్టాచ్యూ అనబోతున్నారని తెలిసి ముందే కాలు మార్చేస్తాడు. ఆ రాత్రి కందకం అందుకే! కోర్టు ‘ఉన్నది ఉన్నట్టు ఉంచండి’ అంటే కందకం కూడా ఉన్నట్టే ఉంటుంది మరి. దీనికీ మందుంది. గొడవకు ముందు చివరిగా ఉన్న స్థితికి తిరిగి వెళ్లండి, అంటే కందకం పూడ్చండి అని కూడా కోర్టు చెప్పగలదు. 1990లో దొరాబ్ కావస్జీ వార్డెన్ కేసులో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. కాకపోతే మామూలు ఇంజంక్షన్ కన్నా చాలా గట్టి కేసు చూపించాలి. అందుకే అడ్వకేట్ కమిషనర్‌ను, అంటే కోర్టు తరఫున స్థలం చూసి రాసుకొచ్చే లాయర్‌ను, వేయమని అడుగుతారు. ఆయన టేపు, కెమెరా తీసుకుని వచ్చి చక్రాల గాడి ఎంత లోతుందో, కాలువ మీద పాత తూము ఉందో లేదో, కందకం మట్టి పచ్చిగా ఉందో ఎండిందో రాసుకుంటాడు. హక్కు ఎవరిదో ఆయన తేల్చడు.

ఇంకోటి. ‘స్టేటస్ కో’ (ఉన్నది ఉన్నట్టు) అని ఒక్క ముక్కలో వచ్చే ఆర్డర్లంటే నాకు చిరాకు. ఎవరు ఏ కాలి మీద ఉన్నారో చెప్పకుండా స్టాచ్యూ అంటే ఎలా? ఇద్దరూ అదే కాగితం పట్టుకుని పోలీస్ స్టేషన్‌కి వెళ్తారు. సర్వే నంబరు, దారి వెడల్పు, ఏం చేయకూడదు, ఇవి ఆర్డర్‌లో ఉండేలా మీ లాయర్‌తో అడిగించుకోండి.

టైమ్ అయిపోతోంది, గబగబా చెప్పేస్తా. అవతలివాళ్లకు నోటీసు లేకుండా ఆర్డర్ ఇస్తే కోర్టు కారణాలు రాయాలి. తెచ్చుకున్నవాళ్లు అదే రోజో మర్నాడో కాగితాలు పంపాలి. 30 రోజుల్లో ఆ పిటిషన్ తేల్చడానికి కోర్టు ప్రయత్నించాలి. కోర్టు ఆర్డర్ ధిక్కరిస్తే ఆ ఆర్డర్ 39లోనే రూల్ 2ఎ: ఆస్తి జప్తు, మూడు నెలల దాకా సివిల్ జైలు. కోర్టు ఇచ్చింది నచ్చకపోతే కోడ్‌లోని ఆర్డర్ 43 కింద అప్పీలు. దారి గ్రామ పటంలో డొంకగానో పుంతగానో ఉంటే అది ప్రభుత్వ భూమి, ముందు తహసీల్దార్‌కి అర్జీ పెట్టండి. అవతలివాళ్లు రేపో మాపో కోర్టుకెళ్తారని అనుమానముంటే మీరే ముందు కేవియట్ వేయండి, అంటే నా మాట వినకుండా ఆర్డర్ ఇవ్వొద్దని కోర్టుకు ముందే చెప్పే కాగితం. 90 రోజులు పనిచేస్తుంది, తర్వాత మళ్లీ వేసుకోవాలి.