చిన్న రొట్టె ఎవరిది?

(గ్రంథాలయ వారోత్సవాల సందర్భంగా మహబూబ్‌నగర్‌లో ఒక విశ్రాంత ఉపాధ్యాయురాలు చేసిన ప్రసంగ పాఠం)

సభకు దండం. ముందు వరుసల పెద్దలకు, వెనుక వరుసల కూసొని ఎప్పుడైపోతదా అని చూస్తున్న పిల్లలకు సుత.

ముప్పై రెండేండ్లు పంతులమ్మగ చేసిన. పుస్తకం భాషల ప్రసంగం రాసుకున్న. నిన్న రాత్రి చదువుకుంటే అండ్ల మా అమ్మ ఎవరో పరాయి మనిషి లెక్క అనిపించింది. ఆ కాయితాలు ఇంట్లనే ఉన్నయి. ఇంట్ల మాట్లాడినట్టే మాట్లాడుత, ఏమనుకోకున్రి.

నాకిచ్చిన అంశం 'కుటుంబ బంధాలు, సంప్రదాయాలు'. మా ఇంట్ల ఈ మాటలు ఎవరి నోట ఎన్నడూ వినలేదు. మా నాయిన నన్ను మెచ్చుకున్నట్టు సుత యాది లేదు. పదో తరగతి పాసైన అని చెప్పిన నాడు 'ఊఁ' అన్నడు, అంతే. తెల్లారి అంగడికి పోతూ ఆకిట్ల ఉన్న నా తెగిన చెప్పులు సంచిల వేసుకొని పోయిండు. మాపటికి కుట్టిచ్చుకొచ్చి అదే జాగల పెట్టిండు. నేను చూసిన్నో లేదో అడగలేదు. యాభై ఏండ్లు కావస్తున్నది. సర్టిఫికెట్ ఏడ పెట్టిన్నో వెతుక్కోవాలె గానీ, ఆ చెప్పుల మీద కొత్త దారం ఏ రంగుదో ఇప్పుడడిగినా చెప్పుత.

చెప్పుల ముచ్చట సభల ఎందుకని నవ్వకున్రి. వడ్డెమాన్‌ల తయారైన ఉద్దాలను, అంటే స్వామి చెప్పులను, ఊరేగించుకుంట తీసుకపోయి కురుమూర్తి స్వామికి ఇచ్చే జిల్లా మనది. వాటిని తలకు తాకిచ్చుకుంటందుకు ఎంత తొక్కులాట ఉంటదో మీకెరికే.

లైబ్రరీల మాట్లాడుతున్న గాబట్టి ఒక పుస్తకం పేరు తియ్యకపోతే బాగుండదు. సురవరం ప్రతాపరెడ్డి గారు మన పాలమూరు బిడ్డ. 'ఆంధ్రుల సాంఘిక చరిత్ర' రాసేటప్పుడు ఏ రాజు ఏ రాజును గెలిచిండన్నది పక్కకు పెట్టి, జనం ఏం తిన్నరు, ఏం కట్టుకున్నరు, ఏం ఆటలాడిన్రు అని పాత కావ్యాలన్నీ జల్లెడ పట్టిండు. తెలుగుల కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం మొట్టమొదట, 1955ల, వచ్చింది ఆ పుస్తకానికే. మన ఇండ్లల్ల ఎవరి చెయ్యి ఏ పని చేస్తుండె అన్నది మాత్రం ఏ కావ్యంల దొరకదు. అది మనమే చెప్పుకోవాలె.

రొట్టెతోని మొదలుపెడత. మా పుట్టిల్లు దేవరకొండ దిక్కు, అత్తగారిల్లు నాగర్‌కర్నూల్ దిక్కు. నడుమ డిండి వాగు. అటుకూ ఇటుకూ యాసల తేడా ఉన్నది, పచ్చిపులుసుల పులుపు తేడా ఉన్నది, జొన్నరొట్టె మాత్రం ఒక్కటే. మసిలే నీళ్లు పిండిల పోసి పిసుకుతరు. జొన్నపిండి గోధుమపిండి లెక్క సాగదు, కర్రతోని ఒత్తుదమంటే పలుగుతది, అందుకే అరచేత్తోని తట్టుకుంట తిప్పుకుంట పెద్దగ చేస్తరు. పెనం మీద వేసినంక పైన తడిచెయ్యి రాస్తరు, తిప్పేస్తరు, ఆఖరుకు నిప్పుల మీద పొంగిస్తరు. అన్నీ అయినంక పళ్లెంల ఇంత పిండి మిగులుతది. దాన్ని పారెయ్యరు. అరచెయ్యంత రొట్టె చేస్తరు. అది ఇంట్ల చిన్న పిల్లది.

ఆ రొట్టె తిన్నోళ్లు చేతులెత్తున్రి. చూసిన్రా, కలెక్టరాఫీసు నుంచి వచ్చిన సారు సుత ఎత్తిండు.

1990లల్ల నేను పనిచేసిన ఊరు వలస ఊరు. పాలమూరు లేబర్ అంటే ఏందో ఈ సభకు నేను చెప్పవలసిన పని లేదు. దసరా అయినంక గుంపు మేస్త్రీ అడ్వాన్సు ఇస్తుండె. లారీ వస్తుండె. కాలువ తవ్వేతందుకో కట్ట పోసేతందుకో ఏ రాష్ట్రమో పోతుండిరి. కొందరు పిల్లలను ఎంటబెట్టుకొని పోయేది, కొందరు అవ్వ తాతల తాన ఇడిసి పోయేది. నా హాజరు పట్టిల సగం పేర్ల ముందట గీతలే.

అట్ల మిగిలిన పిల్లలల్ల ఒకామె నాలుగో తరగతి. పేరు చెప్ప, ఇప్పుడు ఆమెకే పెండ్లీడుకొచ్చిన పిల్లలున్నరు. పగటి బువ్వకాడ సంచిలకెళ్లి చిన్న రొట్టె తీసేది. సగం తిని, సగం గుడ్డల చుట్టి మల్ల లోపల పెట్టేది. ఎందుకే అంటే, "మాపటికి" అన్నది. ఒకనాడు వాళ్లింటికి పోయిన. అవ్వకు కండ్లు సరిగ కనవడవు, పొయ్యి కాడ తడుముకుంట రొట్టెలు చేస్తున్నది. "పెద్ద రొట్టె రెండు ముక్కలు చేసి ఇయ్యరాదా, ఈ కష్టం ఎందుకు?" అన్న. "దాని రొట్టె దానికుండాలె గద పంతులమ్మా. లేకపోతే అర్ధరాత్రి లేసి, మా అమ్మ ఏది అంటది" అన్నది.

ఉగాది దాటినంక తల్లి వచ్చింది. పది దినాలకు బడి కాడ కలిసి, నవ్వుకుంటనే కండ్లు తుడుసుకుంట చెప్పింది: "నేను చేసిన రొట్టె మాడిందట పంతులమ్మా, అవ్వదే మంచిగుంటదట." ఆమెకు నేను ఏ మాటా చెప్పలేకపోయిన. చిన్న రొట్టె ఆ పిల్లకు ఆసరా అయింది, నిజమే. కానీ అవ్వ తాన పడుకున్న ఆ ఆరు నెలలు తల్లికి తిరిగి రాలేదు. ఈ ముచ్చట చెప్పినప్పుడల్ల జనం 'ఆహా అవ్వ' అంటరు. నాకు మాత్రం ఆ తల్లే యాదికొస్తది.

ఇక పండుగలు. పెద్ద పండుగలను పొగిడేటోళ్లు శానమంది ఉన్నరు, నేను పొగడ. బతుకమ్మ 2014ల రాష్ట్ర పండుగ అయింది, సంతోషం. ఎంగిలిపూల నుంచి సద్దుల దాక తొమ్మిది దినాల పేర్లు మీరు నాకంటె మంచిగ చెప్తరు. నా ముచ్చట గునుగుపువ్వు గురించి. మా చిన్నప్పుడు తంగేడు తెచ్చేది అన్నలు, సిబ్బిల గుమ్మడాకులు పరిచి పేర్చేది అమ్మ, గౌరమ్మను చేసేది నాయనమ్మ. గునుగు కాడలను ఒక్క తీరుగ కోసి, కట్టలు కట్టి, కొసలకు రంగు అద్దేది నేను. రంగు చేతులకు వారం దాక పోకపోతుండె. బడిల చూపిచ్చుకునేదాన్ని.

నాలుగేండ్ల కింద హైదరాబాద్‌ల మా కొడుకు వాళ్ల అపార్ట్‌మెంట్ల సద్దుల బతుకమ్మకు పోయిన. పేర్చిన బతుకమ్మ కొనుక్కొచ్చిన్రు. మంచిగనే ఉన్నది, కొన్నదని తప్పు పట్ట. ఇద్దరూ కొలువు చేసేటోళ్లు. మా మనుమరాలు ఏడేండ్లది, పట్టు లంగ వేసుకొని అచ్చి, "నేనేం చెయ్యాలె?" అని అడిగింది. "ఇక్కడ నిలబడు, ఫోటో తీస్త" అన్నరు. దాని మొఖం చిన్నగైంది. కరెంటు పోయిన ఇంటి లెక్క.

మరుసటేడు ఒక సంచెడు గునుగు నేనే మోసుకపోయిన. కత్తెర చేతికిచ్చిన. ఒక కాడ పొడుగు, ఒక కాడ పొట్టి. వరుస వరుసకూ వంకర. పైదాక వచ్చేసరికి బతుకమ్మ ఒక దిక్కుకు ఒరిగింది, నడుమ పుల్ల గుచ్చి నిలబెట్టినం. మా కోడలికి కొంచెం నామోషీ అనిపించింది, నాకు తెలుసు. పిల్ల మాత్రం కింద ఆడేకాడ అందరికీ వేలు పెట్టి చూపిస్తున్నది: "ఆ ఒరిగింది మాది." చేతిల పని లేకపోతే ఇంటి పిల్ల సుత చుట్టమే. పిల్లలకు పని ఇయ్యున్రి, అది ఖరాబైతే కానియ్యున్రి.

పని అన్న గాబట్టి ఒక మాట, మగోళ్లు వినున్రి. సంప్రదాయం గొప్పదని మైకు కాడ చెప్పేది మీరు, సంక్రాంతికి అర్ధరాత్రి దాక సకినాలు చుట్టి నడుము పట్టుకునేది మేము. మా ఇంట్ల సకినాల పిండికి నువ్వులు చెరిగి ఏరే పని మా ఆయనకు అప్పజెప్పిన. ముప్పై ఏండ్లు ఏరిండు. ఒక్క సకినం చుట్టుడు రాలేదు, వస్తదని ఆశ సుత లేదు. అగో, నవ్వుతున్నడు.

దసరాకు జమ్మి ఇచ్చుకుంటం, బంగారం అంటం. మా నాయిన, మా చిన్నాయన గెట్టు కాడ కొట్లాడి పదకొండేండ్లు మాట్లాడుకోలేదు. ఒక్క దసరా నాడు మాత్రం చిన్నాయన వచ్చేది. ఆకు నాయిన చేతిల పెట్టి, కాళ్లకు మొక్కి, మాట లేకుంటనే తిరిగిపోయేది. నాయిన ఆ ఆకు తలపాగల చెక్కుకునేది. మా అమ్మ చాయ్ తెచ్చేలోపల మనిషి వాకిలి దాటేది. అలయ్ బలయ్ తోని పంచాయితీలు తెగుతయని చెప్తే అబద్ధమైతది. ఆ గెట్టు కోర్టుకు సుత పోయింది. కానీ పిల్లలం మేము ఆ ఇంట్ల తినేది, ఆ ఇంటి పిల్లలు మా ఇంట్ల పండేది. 'పోవద్దు' అని ఎవరూ అనలేదు. మా నాయిన పాడె ఎత్తంగ మొదటి భుజం చిన్నాయనదే.

ఇది ఆఖరిది. ఆడబిడ్డలందరికీ ఎరికైనదే, ఒడిబియ్యం.

పెండ్లయిన బిడ్డకు పుట్టింటోళ్లు మూడేండ్లకో ఐదేండ్లకో పోస్తరు. బియ్యంల పసుపు, నెయ్యి కలిపి, కుడుకలు, ఖర్జూరాలు, వక్కలు, పసుపుకొమ్ములు, రవికబట్ట పెట్టి దోసిండ్లతోని ఒడిల పోస్తరు. ఒడి నింపుకొని లేసిన బిడ్డ, మా దిక్కు, అండ్లకెళ్లి ఐదు పిడికిళ్లు మల్ల పుట్టింట్లనే పోసి పోతది. అత్తగారింట్ల ఆ బియ్యం వండి వాడకట్టోళ్లకు పెడుతది. బియ్యం ఎన్ని సేర్లన్నది లెక్క కాదు. కరువు ఏండ్లల్ల రేషన్ బియ్యమే పోసిన్రు నాకు. పసుపు కలిపితే అవి సుత మెరుస్తయి.

నాయిన పోయిన రెండేండ్లకు నాకు ఒడిబియ్యం పెట్టిన్రు. రాళ్లు ఏరింది అమ్మ. పసుపు కలిపింది అమ్మ. నెయ్యి తక్కువైందని మల్ల పోసింది అమ్మ. నన్ను పీట మీద కూసోబెట్టంగనే ఆమె చేతులు కడుక్కొని అర్రలకు పోయింది. ఎవరూ పొమ్మనలేదు. ఎవరూ ఆగమనలేదు. ముత్తైదువలు వరుసగ వచ్చి పోస్తున్నరు. నాకు తలుపు సందుల అమ్మ చీర అంచు కనవడుతున్నది. బడిల వీరేశలింగం పాఠం గొంతు పెంచి చెప్పేదాన్ని, ఆ నాడు నోరు లేవలేదు.

ఐదేండ్లకు మల్ల పోస్తమన్నరు. "అమ్మ పోస్తెనే నేను ఒడి పడత" అని ఫోన్‌ల చెప్పిన. అటు దిక్కు కొద్దిసేపు సప్పుడు లేదు. అన్న అందుకొని, "వాడకట్టోళ్లు ఏమంటరో" అన్నడు. వెనుక నుంచి మా వదినె గొంతు: "వాడకట్టోళ్లల్ల నేను లేనా? నేనేమన్న అంటున్ననా?"

ఆ నాడు పిలిచినోళ్లల్ల ఇద్దరు బొట్టు పెట్టిచ్చుకొని నీళ్లు సుత తాగకుంట లేసిపోయిన్రు. వాళ్లను ఏమన, వాళ్ల భయం వాళ్లది. అమ్మ రానని మొండికేసింది. వదినె చెయ్యి పట్టి గుంజుకొచ్చింది. మొదటి దోసిలి సగం చాప మీదనే పడ్డది, అంత వణుకు. రెండోది సక్కగ పోసింది. మూడోసారి వంగినప్పుడు ఆమె మొఖం నా మొఖానికి దగ్గరగ వచ్చింది, వక్కాకు వాసన.

లేసి, రివాజు ప్రకారం ఐదు పిడికిళ్లు ఆమె చాటల పోసిన. ఆరోది పొయ్యబోతే నా మణికట్టు పట్టుకున్నది. "సాలు బిడ్డా, ఇంటికి పోయినంక మీ అత్త లెక్కపెడుతది" అన్నది.

మా అత్త పోయి అప్పటికి నాలుగేండ్లు.