డార్కింగ్: ఆకలికి రెండు జవాబులు చెప్పిన ఊరు

సభకు నమస్కారం.

ఇంగ్లండులో ఏదైనా ఒక ఊరు తీసుకుని దాని చరిత్ర చెప్పమన్నారు. నేను డార్కింగ్ ఎంచుకున్నాను. లండన్‌కు దక్షిణాన, సర్రే కౌంటీలో, రైలెక్కితే గంటలో చేరే ఊరు. మీలో చాలామంది ఎండ కాసిన ఆదివారం పూట పిల్లల్ని తీసుకుని బాక్స్ హిల్ ఎక్కడానికి అటు వెళ్లే ఉంటారు. కొండెక్కి, ఫొటోలు దిగి, వచ్చేస్తాం. కొండ కింద ఊరి సంగతి పట్టించుకోం. జనం గురించీ తిండి గురించీ ప్రపంచం ఆలోచించే తీరునే మార్చిన మనిషి ఆ ఊరి పక్కన పుట్టాడు. మన గోదావరి డెల్టాకు అన్నం పెట్టిన మనిషి ఆ ఊళ్లోనే కన్నుమూశాడు. ఒకరు థామస్ రాబర్ట్ మాల్థస్, ఇంకొకరు సర్ ఆర్థర్ కాటన్. ఈ ఇద్దర్నీ ఒకే పూట చెప్పుకోవాలని చాలాకాలంగా నా కోరిక.

ముందు ఊరి సంగతి. నార్త్ డౌన్స్ అని సుద్దరాతి కొండల వరస, దాని పక్కనే మోల్ అనే చిన్న నది. వింత నది అది. బాక్స్ హిల్ దగ్గర సుద్దనేల మీద పారేటప్పుడు అడుగునున్న బొరియల్లోకి నీరు జారిపోతుంది. వానలు బాగా తక్కువైన ఏడాది కొంత మేర నది ఎండిపోయి, దిగువన లెదర్‌హెడ్ వైపు మళ్లీ పైకి వస్తుంది. ఊరి నడిమధ్య మూడు వీధులు కలిసే చోటుకు పంప్ కార్నర్ అని పేరు, ఒకప్పటి ఊరి పంపు ఉన్న చోటు. ఇక డార్కింగ్ కోడి. మామూలు కోడికి కాలికి నాలుగు వేళ్లుంటే ఈ జాతికి ఐదు. ఆ కోడి వల్లే ఈ ఊరి సంతకు పేరొచ్చింది. ఊళ్లోకి వచ్చే రౌండబౌట్ మీద మూడు మీటర్ల ఎత్తు లోహపు పుంజును 2007లో నిలబెట్టారు.

వెస్ట్ స్ట్రీట్‌లో విలియం మలిన్స్ అనే చెప్పుల వ్యాపారి ఇల్లు ఇప్పటికీ ఉంది. 1620లో మేఫ్లవర్ ఓడలో భార్యాబిడ్డలతో అమెరికా వెళ్లి, ఆ మొదటి చలికాలంలోనే పోయాడు. ఆయన వీలునామాలో ఇరవై ఒక్క డజన్ల చెప్పుల జతలు, పదమూడు జతల బూట్లు లెక్క రాసి ఉన్నాయి. అమెరికా నుంచి వచ్చేవాళ్లు ఆ ఇంటిని వెతుక్కుంటూ వస్తారు. నవలాకారుడు జార్జ్ మెరెడిత్ బాక్స్ హిల్ దగ్గరే బతికాడు, ఆయన సమాధీ డార్కింగ్‌లోనే ఉంది. ఇలాంటివాళ్లు ఇంకా ఉన్నారు. నేను చెప్పదలచుకున్నది ఆ ఇద్దరి గురించి.

డార్కింగ్ నుంచి పడమరగా మూడు కిలోమీటర్లు వెళితే వెస్ట్‌కాట్ గ్రామం. దాని పక్కన రూకరీ అనే పెద్ద బంగళాలో 1766 ఫిబ్రవరిలో మాల్థస్ పుట్టాడు. ఆ బంగళా ఇప్పుడు లేదు, 1968లో పడగొట్టేశారు. తండ్రి డేనియల్ మాల్థస్ బాగా చదువుకున్నవాడు, ఫ్రెంచ్ తత్వవేత్త రూసోకు అభిమాని, మిత్రుడు. మనిషి మంచివాడు, సమాజాన్ని బాగుచేయొచ్చు అని నమ్మే తరం ఆయనది. కొడుకు కేంబ్రిడ్జిలో లెక్కలు చదివి పాదిరీ అయ్యాడు. డార్కింగ్‌కు దక్షిణాన అడవి మధ్య ఓక్‌వుడ్ అని చిన్న పాత చర్చి ఉంది. అక్కడ సహాయ పాదిరీగా చేరాడు.

మాల్థస్‌ను అర్థం చేసుకోవాలంటే ఈ ఓక్‌వుడ్‌లోనే మొదలుపెట్టాలని నా అభిప్రాయం. చుట్టూ కూలి జనం. రొట్టెముక్క తప్ప మరో తిండి ఎరగని ఇళ్లు. బిడ్డలకు బాప్తిస్మం ఇవ్వడం, పోయినవాళ్లను పూడ్చడం, రెంటినీ రిజిస్టరులో రాయడం పాదిరీ పని. 1798లో పేరు వేసుకోకుండా ఆయన అచ్చువేసిన జనాభా సిద్ధాంత వ్యాసంలో ఒక మాట ఉంది. కథల్లో చెప్పినట్టు పల్లెటూరి పిల్లలు బుగ్గలెర్రగా బొద్దుగా ఉండరట. పద్నాలుగు, పదిహేనేళ్లు ఉంటాయేమో అనిపించే కుర్రాణ్ణి అడిగితే పద్దెనిమిదో పంతొమ్మిదో అంటాడట. నాగలి తోలే కుర్రాళ్ల కాళ్లకు పిక్కలే కనపడవట. లైబ్రరీలో కూర్చున్నవాడు రాసే మాటలు కావు ఇవి. ఎదురుగా నిలబెట్టి చూసినవాడు రాసినవి.

చూసినదంతా నిజమే. దాన్నుంచి ఆయన తేల్చినదాంతోనే చిక్కు వచ్చింది. అడ్డు లేకపోతే జనం ఒకటి, రెండు, నాలుగు, ఎనిమిదిగా పెరుగుతారు, తిండి ఒకటి, రెండు, మూడు, నాలుగుగానే పెరుగుతుంది, ఆ తేడాను కరువూ రోగమూ సరిచేస్తాయి అన్నాడు. బీదలకు ప్రభుత్వం చేసే సాయం బీదరికాన్ని పెంచుతుందన్నాడు. 1803 ముద్రణలో ఇంకా కఠినంగా, తల్లిదండ్రులు పోషించలేని, సమాజానికి పనికిరాని మనిషికి ప్రకృతి వేసిన విందులో విస్తరి లేదు, లేచి పొమ్మంటుంది అన్న భావం రాశాడు. ఎంతోమంది నొచ్చుకున్నాక తర్వాతి ముద్రణలో ఆ భాగం తీసేశాడు. స్వతహాగా నెమ్మదైనవాడని, విద్యార్థుల్ని ప్రేమగా చూసేవాడని ఆయనను ఎరిగినవాళ్లు చెప్పారు. ఆ మంచితనాన్ని నేను శంకించను. ఆయన మాట మాత్రం ఆయన చేయి దాటి చాలా దూరం వెళ్లింది.

ఎంత దూరమంటే మన దాకా. 1805లో ఈస్టిండియా కంపెనీ తన కొత్త కాలేజీలో చరిత్ర, అర్థశాస్త్రం చెప్పడానికి మాల్థస్‌ను పెట్టుకుంది. అదే తర్వాత హైలీబరీ కాలేజీగా పేరుపడింది. మన జిల్లాలకు కలెక్టర్లుగా, జడ్జీలుగా వచ్చిన కుర్రాళ్లు అక్కడే చదివారు. 1834లో చనిపోయేదాకా ఆయన అక్కడే పాఠం చెప్పాడు. ఆ చివరి ఏళ్లలోనే, 1832-33లో, గుంటూరు జిల్లాలో నందన కరువు వచ్చింది. మన పెద్దవాళ్లు డొక్కల కరువు అన్నది దాన్నే. ఐదు లక్షల మంది ఉన్న జిల్లాలో లక్షన్నరకు తక్కువ కాకుండా పోయారు. కొందరు రెండు లక్షలంటారు.

పక్కన గోదావరి సంగతి చూడండి. రాజమండ్రి జిల్లాలో 1821లో జనాభా సుమారు 7.38 లక్షలు. 1841 నాటికి 5.61 లక్షలకు పడిపోయింది. కరువులు, వలసలు, మధ్యలో 1839లో కోరంగిని ముంచిన ఉప్పెన. జనం పెరిగి తిండి చాలకపోవడం కాదు ఇది. జనం తరిగిపోతున్నారు, అయినా తిండి లేదు. ఒండ్రు నేల ఉంది, దున్నే చేతులున్నాయి, అంత పెద్ద నది ఊళ్ల పక్కనుంచే సముద్రంలోకి పోతోంది. నీళ్లు పొలం దాకా రావడం లేదు, అంతే. పన్ను మాత్రం తప్పడం లేదు.

ఆర్థర్ కాటన్ చూసింది సరిగ్గా దీన్నే. 1803 మే 15న పుట్టాడు. కంపెనీ సైనిక కాలేజీ సర్రేలోనే అడిస్కోంబ్‌లో ఉండేది. అక్కడ చదివి పద్దెనిమిదేళ్ల వయసులో మద్రాసు వచ్చాడు. కావేరి మీద చోళులు కట్టిన కల్లణై ఆనకట్ట దగ్గర ఆయన అసలు చదువు సాగింది. అడుగున రాతినేల తగలని, లోతు తెలియని ఇసుకలో పునాది ఎలా నిలబెట్టాలో ఈ దేశపు పాతకాలపు పనివాళ్ల దగ్గరే తాము నేర్చుకున్నామని ఆయన దాచకుండా రాశాడు. ఈ ఒక్క మాటకే ఆయన మీద నాకు గౌరవం రెట్టింపు. కావేరి పాయ కొల్లిడం మీద 1836లో ఆనకట్టలు కట్టి, ఆ అనుభవంతో గోదావరికి వచ్చాడు. 1847లో ధవళేశ్వరం దగ్గర పని మొదలైంది, 1852కు పూర్తయింది. నది మధ్య లంకలను కలుపుకుంటూ ధవళేశ్వరం, ర్యాలి, మద్దూరు, విజ్జేశ్వరం అని నాలుగు భాగాలు. రాయి ధవళేశ్వరం కొండదే. ఈ పనిలో వీణెం వీరన్న పేరు చెప్పకపోతే అది చరిత్ర కాదు. వేలాది కూలీలను కూడగట్టి, వాళ్ల చేత పని చేయించిన మన మనిషి ఆయన. రాళ్లు కొట్టినవాళ్ల, మన్ను మోసినవాళ్ల పేర్లు ఏ కాగితం మీదా లేవు.

కాటన్‌ను దేవుణ్ణి చేసి మాట్లాడటం నాకిష్టం లేదు. కంపెనీకి ఆయన పంపిన నివేదికల నిండా ఖర్చెంత, శిస్తు ఎంత పెరుగుతుంది, లాభమెంత అన్న లెక్కలే. లండన్‌లో కూర్చున్నవాళ్లు ఆ భాష తప్ప మరొకటి వినరని ఆయనకు తెలుసు. తర్వాత ఆయన ఊహించి పెట్టిన కర్నూలు-కడప కాలువ చాలా ఏళ్లపాటు పెట్టుబడి కూడా రాబట్టలేదు, చివరికి 1882లో సర్కారు కొనుక్కోవాల్సి వచ్చింది. నీళ్లు తెస్తే చాలు, రైతు వెంటనే ఆ నీళ్లు కొనుక్కుంటాడు అనుకోవడం పొరపాటని అక్కడ తేలింది. అయినా గోదావరి డెల్టాలో నేటికీ పది లక్షల ఎకరాలు ఆ కాలువల కిందే పండుతున్నాయి. గోదావరి స్నానం చేసేటప్పుడు సంకల్పంలో భగీరథుడితో పోల్చి ఆ ఆంగ్లేయుడి పేరు చెప్పే బ్రాహ్మలు మన వైపు ఉన్నారు.

ఈ రెండు జవాబులూ ఎదురెదురుగా నిలబడింది 1876లో. ధాత కరువు. మద్రాసు ప్రెసిడెన్సీలోనే ముప్పై లక్షలకు పైగా చనిపోయారని అంచనా. వైస్రాయి లిట్టన్, ఈ దేశంలో పండే తిండికంటే జనం వేగంగా పెరుగుతున్నారని సభలో చెప్పాడు. ఖర్చు తగ్గించడానికి పంపిన సర్ రిచర్డ్ టెంపుల్, కరువు పనుల్లో మనిషికి రోజుకు ఒక పౌను ధాన్యం, అంటే అర కిలో కూడా నిండనంత, పైన ఒక అణా కూలి ఖాయం చేశాడు. ఈ టెంపుల్ చదివింది హైలీబరీలోనే. మాల్థస్ అప్పటికే పోయాడు, కానీ ఆ కాలేజీ గాలి అది. అదే కరువులో గోదావరి, కృష్ణా డెల్టాలు తాము తిని, మిగతా జిల్లాలకు ధాన్యం పంపాయి.

ఆ కాలంలో కాటన్ ఎక్కడున్నాడు? డార్కింగ్‌లో. డెబ్బై దాటిన వయసులో, మాల్థస్ పుట్టిన ఇంటికి నడిచిపోగల దూరంలో కూర్చుని మద్రాసు కరువు మీద కరపత్రం రాశాడు. దానికి అనుబంధంగా ఫ్లారెన్స్ నైటింగేల్ ఉత్తరం ఒకటి అచ్చయింది. నర్సుగా మనకు తెలిసిన ఆవిడ ఇండియాలో సాగునీటి కోసం ఏళ్ల తరబడి కలంతో పోరాడింది. రైళ్ల మీద పోసిన డబ్బులో కొంతైనా కాలువల మీద పెట్టి ఉంటే ఈ చావులు ఉండేవి కావన్నది కాటన్ వాదన. 1878లో పార్లమెంటు కమిటీ ముందుకు వెళ్లి అదే చెప్పాడు. వాళ్లు ఆయన మాట ఒప్పుకోలేదు. ముసలాయన ఊహలు మరీ పెద్దవన్నారు. లెక్కల్లో ఆయన తొందర పడ్డాడేమో, రోగం ఏమిటో చెప్పడంలో మాత్రం పొరబడలేదని నేను గట్టిగా నమ్ముతాను.

డార్కింగ్ ఆయనను ఎరిగింది ఇంజనీరుగా కాదు. భక్తి గల ముసలి జనరల్‌గా ఎరిగింది. కూతురు ఎలిజబెత్, తర్వాత లేడీ హోప్ అయినావిడ, సాయంత్రమైతే సారా దుకాణానికి పోయే కూలీల కోసం ఊళ్లో కాఫీ గది తెరిచింది. తండ్రి ఆమెకు తోడుగా నిలిచాడు. చివరి ఏళ్లలోనూ ఆయనది తిండి ధ్యాసే. నేలను లోతుగా తవ్వి గోధుమ ఎంత ఎక్కువ పండించవచ్చో తోటలో ప్రయోగాలు చేశాడు. ఓక్‌వుడ్‌లో మాల్థస్ చూసిన, పిక్కలు లేని కుర్రాళ్ల మనవలు ఆ చుట్టుపక్కలే ఇంకా కూలి చేసుకుంటున్న రోజులవి. నేల ఇంతే ఇస్తుందని తేల్చేసిన చోట, ఇంకాస్త ఇస్తుందేమో అడుగుదామని పార పట్టాడు. 1899 జూలై 24న, తొంభై ఆరేళ్లకు, వుడ్‌కాట్ అనే తన ఇంట్లో పోయాడు. రైగేట్ రోడ్డు మీది డార్కింగ్ శ్మశానంలో పూడ్చారు. మనవాళ్లు కొందరు వెళ్లి పూలు పెట్టి వస్తున్నారు.

పూలు పెట్టడం మంచిదే. నాది ఇంకో మనవి. వెస్ట్ స్ట్రీట్‌లో డార్కింగ్ మ్యూజియం ఉంది. అమెరికా వాళ్లు మలిన్స్ కోసం వచ్చినట్టే మనమూ అక్కడికి వెళ్లాలి, ఖాళీ చేతులతో కాదు. మీలో కోనసీమ వాళ్లున్నారు, తణుకు, భీమవరం, నరసాపురం వాళ్లున్నారు, పల్నాటి నుంచి వచ్చినవాళ్లున్నారు. కాలువ రాకముందు మెట్ట ఎలా ఉండేదో, డొక్కల కరువులో ఇంట్లో ఎవరు మిగిలారో, కాలువ తవ్వకానికి ఎవరు వెళ్లారో మీ ముత్తాతల నుంచి వచ్చిన మాటలు ప్రతి ఇంట్లో ఏవో ఉంటాయి. ఈ వారం ఇంటికి ఫోన్ చేసి అమ్మమ్మల్ని, తాతయ్యల్ని అడగండి. వాళ్లు చెప్పింది చెప్పినట్టు తెలుగులో రాసి పంపండి, ఇంగ్లీషు చేసే పని నేను చూసుకుంటాను. అన్నీ ఒక పుస్తకంగా కుట్టి వేసవి సెలవుల్లో అందరం కలిసి తీసుకెళ్లి ఇద్దాం. దారిలో ఓక్‌వుడ్ చర్చి దగ్గర కూడా ఆగుదాం. వచ్చేవాళ్లు బయట బల్ల మీదున్న కాగితంలో పేరు, ఊరు రాసి వెళ్లండి. సొంత ఊరి పేరు తప్పకుండా రాయాలి.