బెర్గ్‌మన్ అనగానే గుర్తొచ్చే ఆ ఫ్రేములు తీసిందెవరు?

(తెరపై: కొండ అంచున చేతులు పట్టుకుని పోతున్న నల్లటి ఆకారాలు)

సినిమా చూడకపోయినా ఈ షాట్ ఎక్కడో ఒకచోట మీ కంటపడే ఉంటుంది. 1957లో వచ్చిన 'ది సెవెంత్ సీల్' చివర్లోది. మృత్యువు వెంట చనిపోయినవాళ్లు చిందులేస్తూ పోతుంటారు.

స్వీడన్‌లోని హోవ్స్ హల్లార్ సముద్రతీరం. వాన ముంచుకొస్తోందని ఆ సాయంత్రం ప్యాకప్ చెప్పేశారు. నటుల్లో చాలామంది వెళ్లిపోయారు కూడా. అంతలో దర్శకుడు ఇంగ్మార్ బెర్గ్‌మన్‌కి ఆకాశంలో ఒక వింత మబ్బు కనిపించింది. కెమెరామన్ హడావుడిగా కెమెరాని మళ్లీ నిలబెట్టారు. నటులు లేరుగా! అందుకే ఎలక్ట్రీషియన్లకి, మేకప్‌మన్‌కి, ఏం జరుగుతోందో కూడా తెలియని ఇద్దరు టూరిస్టులకి కాస్ట్యూములు తొడిగేశారు. మబ్బు చెదిరేలోపు షాట్ అయిపోయింది.

ఆ కెమెరామన్ గున్నార్ ఫిషర్.

బెర్గ్‌మన్ ఫొటోగ్రఫీ అంటే అందరూ మరో కెమెరామన్ స్వెన్ నిక్విస్ట్ పేరే చెబుతారు. రెండు ఆస్కార్‌లు తెచ్చుకున్న మనిషి, కాదనడానికేం లేదు. కానీ 1948 నుంచి 1960 దాకా బెర్గ్‌మన్‌తో 12 సినిమాలు చేసింది ఫిషర్. బెర్గ్‌మన్ పేరు ప్రపంచమంతా మోగింది ఆ సినిమాలతోనే.

1910లో పుట్టిన ఫిషర్ మొదట పెయింటింగ్ నేర్చుకున్నారు. తర్వాత కెమెరా పని నేర్పింది యూలియస్ యేన్సోన్. మూకీల కాలంలో విక్టర్ షోస్ట్రోమ్ దర్శకత్వం వహించి, నటించిన 'ది ఫాంటమ్ క్యారేజ్'కి కెమెరామన్ ఆయనే. తమాషా ఏంటంటే, గురువు కెమెరా ముందు నిలబడ్డ ఆ షోస్ట్రోమే ముసలితనంలో బెర్గ్‌మన్ తీసిన 'వైల్డ్ స్ట్రాబెర్రీస్' కోసం శిష్యుడి కెమెరా ముందుకొచ్చారు.

(తెరపై: ఖాళీ వీధి, ముళ్లు లేని గడియారం)

అందులో ఈ కల సీన్ చూడండి. గోడలు కళ్లు చెదిరేంత తెల్లగా, నీడలు కాటుకలా నల్లగా ఉంటాయి. మధ్యలో బూడిదరంగు దాదాపు కనబడదు. ఇదీ ఫిషర్ మార్క్. నిక్విస్ట్ వెలుగు కిటికీలోంచి సహజంగా పడినట్టుంటుంది. ఫిషర్ వెలుగు మాత్రం ఎవరో కావాలని పెట్టినట్టే ఉంటుంది, దాన్ని దాచే ప్రయత్నం కూడా ఆయన చేయరు.

(తెరపై: సముద్రం ఒడ్డున చదరంగం)

ఇది మళ్లీ 'ది సెవెంత్ సీల్'. ఇక్కడ వీడియో ఆపి ముఖాల మీద వెలుగు గమనించండి. రెండు వైపుల నుంచీ గట్టిగా పడుతోంది. 'ఆకాశంలో ఇద్దరు సూర్యులున్నారా?' అని విమర్శించారు. మృత్యువు కూర్చుని చదరంగం ఆడుతోందంటే నమ్మినవాళ్లు ఇద్దరు సూర్యుల్ని నమ్మలేరా అన్నది ఫిషర్ జవాబు. ఇంతకంటే సూటిగా ఎవరు చెప్పగలరు?

1960 నాటి 'ది డెవిల్స్ ఐ' తర్వాత బెర్గ్‌మన్, ఫిషర్‌ల దారులు వేరయ్యాయి. ఫిషర్ 1974లో ఫ్రెంచ్ దర్శకుడు జాక్ టాటీ తీసిన 'పరేడ్'కి కూడా పనిచేశారు. 2011లో, అక్షరాలా నూరేళ్లు నిండాకే కన్నుమూశారు.

ఫిషర్ పనితనం చూడాలంటే ముందు 'సమ్మర్ విత్ మోనికా' పెట్టుకోండి. ఒకచోట హ్యారియెట్ ఆండర్సన్ సిగరెట్ తాగుతూ నేరుగా లెన్స్‌లోకి చూస్తుంది, ఆమె వెనకున్నదంతా నెమ్మదిగా చీకటైపోతుంది. 1953లో ఆ పని చేయడానికి చాలా ధైర్యం కావాలి.