దయ్యం డప్పు కొట్టిందంటే టీపొడి దిగినట్టే!

అర్ధరాత్రి. పాడుబడ్డ కోట గోడ మీద తొమ్మిదడుగుల మనిషి నడుస్తున్నాడు. ఒళ్లంతా మిణుకు మిణుకుమంటోంది. మెడలో డప్పు. ధన్... ధన్... ధన్! మీరైతే ఏం చేస్తారు? తలుపు గడియ పెట్టేసి, దుప్పటి ముసుగేసుకుంటారు. దొంగసరుకు దించే స్మగ్లర్లకి కావాల్సిందీ అదే.

ఇది ఇంగ్లండ్‌లో ససెక్స్ ప్రాంతం కథ. కోట పేరు హర్స్ట్‌మన్సూ. 1441లో కట్టడం మొదలుపెట్టిన ఇటుకల కోట. 1777లో లోపలి కట్టడం పడగొట్టేస్తే గోడలే మిగిలాయి. ఆ డప్పు దయ్యం స్మగ్లర్ల వేషమేనని అక్కడ ఎప్పట్నుంచో చెప్పుకుంటారు. కోర్టులో తేలిన కేసేం కాదు లెండి, జనం నోట నానిన మాట. కానీ నమ్మబుద్ధేస్తుంది. ఎందుకంటే అప్పట్లో అక్కడ టీపొడి మీద సుంకం 119 శాతం దాకా పోయింది! అంటే వంద పౌండ్ల సరుక్కి పన్నే 119 పౌండ్లు. ఇక దొంగసరుకు దిగకుండా ఉంటుందా? చీకటి రాత్రుల్లో పడవలొచ్చేవి, సరుకు గుర్రాలెక్కేది. కాపలాకి మనిషిని పెడితే కూలివ్వాలి, పైగా వాడు నోరు జారొచ్చు. దయ్యానికి ఆ బాధల్లేవు.

మరి ఆ వెలుగు? ఒంటికి ఫాస్ఫరస్ పూసుకున్నారంటారు. 1669లో హెనిగ్ బ్రాండ్ అనే జర్మన్ ఆయన బంగారం చేద్దామని మూత్రం మరగబెడుతూ కూర్చుంటే, బంగారం బదులు ఇది దొరికింది. నవ్వకండి, నిజం! గాలి తగిలితే చీకట్లో అచ్చం కొరివి దయ్యంలా వెలుగుతుంది. కాకపోతే కాస్త వేడి తగిలినా అంటుకుంటుంది, చర్మం మీదైతే బొబ్బలే. అందుకే ఈ పూత కథ నాకు అంతగా ఎక్కదు. తెల్లగుడ్డ వెనక లాంతరు పెట్టినా సరిపోతుంది కదా!

అన్నిటికంటే నాకు నచ్చింది ఇంగ్లండ్‌లోనే కార్న్‌వాల్ ప్రాంతంలో టాలండ్ ఊరి పాస్టర్‌గారు, రిచర్డ్ డాడ్జ్. 1713 నుంచి 1747 దాకా అక్కడే. దయ్యాల్ని వదిలించడంలో ఆయనకి పెద్ద పేరు. ఊరి బయట ఒక సందులో దయ్యాలు తిరుగుతున్నాయని, రాత్రిపూట అటు పోవద్దని జనం భయపడేవాళ్లు. ఆ భయం పెట్టింది పాస్టర్‌గారేనని, స్మగ్లర్లతో ఆయనకి పొత్తు ఉండేదని చెప్పుకుంటారు.

ఇంతకీ ఆ సందు ఎక్కణ్ణుంచి వస్తుందో తెలుసా? తిన్నగా సముద్రం ఒడ్డు నుంచి!