కె.బి. సుందరాంబాళ్: హీరో అక్కర్లేని హీరోయిన్

(తెర మీద: తెల్లచీర, నుదుట విభూతితో సుందరాంబాళ్ ఫొటో)

1933 డిసెంబరులో ఎస్.జి. కిట్టప్ప పోయారు. వయసు 27. భార్య సుందరాంబాళ్‌కు 25. తమిళ నాటకాల్లో అప్పటికి వీళ్ల జోడీకి తిరుగులేదు. ఆమె నగలు తీసేసి తెల్లచీర కట్టారు. ఇక మగ నటుడి సరసన నటించనన్నారు. ఆమె సినిమాల్లోకి వచ్చింది ఆ తర్వాతే!

ముందు గొంతు సంగతి. ఈరోడ్ దగ్గరి కొడుముడిలో 1908లో పుట్టారు. అది స్పెషల్ నాటకాల కాలం. కాంట్రాక్టరు ఒక్కో నటుణ్ణీ విడిగా పిలిపించి ఆ రాత్రికి ఆట కట్టించేవాడు. మైకు లేదు. చివరి వరుసకు వినబడాలంటే శ్రుతి పెంచాల్సిందే. కిట్టప్పది ఐదున్నర శ్రుతి. హార్మోనియం మీద ఒకటి 'సి' అనుకుంటే ఐదు 'జి', ఐదున్నర దాని పక్క నల్లమెట్టు. మన పద్యనాటకాలు విన్నవాళ్లకు అదెంత ఎత్తో చెప్పక్కర్లేదు. దానికి దీటుగా నిలిచిన గొంతు ఈమెది.

1927లో పెళ్లి. కిట్టప్పకు అప్పటికే ఒక భార్య ఉన్నారు. తాగుడు, గొడవలు, చివరికి విడిగా బతికారు. అయినా ఆయన పోయాక ఈమె పాటించిన వైధవ్యం జీవితాంతం సాగింది.

(తెర మీద: 'నందనార్', 1935)

మరి సరసన మగాడు లేకుండా సినిమా ఎలా? తానే మగవేషం కట్టారు. శివభక్తుడు నందనారుగా నటించడానికి లక్ష రూపాయలు తీసుకున్నారు, ఆ రోజుల్లో! కానీ సినిమా ఆడలేదు. నాటకంలో దూరం నుంచి చెల్లిన మగవేషం క్లోజప్‌లో చెల్లదు కదా. అందులో గేదెలూ మేకలే బాగా నటించాయని తమిళ రచయిత కల్కి వెటకారం చేశారు.

దారి దొరికింది 1953లో, జెమినీ వాసన్ తీసిన 'అవ్వైయార్'తో. ముసలి కవయిత్రి పాత్ర. జోడీ ప్రసక్తే లేదు, పాటకు మాత్రం కావలసినంత చోటు. 1964లో 'పూంపుహార్'లో జైన సన్యాసిని కవుంది అడిగళ్. 1965లో 'తిరువిళైయాడల్'లో మళ్లీ అవ్వైయార్. ఒట్టు చెడలేదు, వేషాలూ ఆగలేదు.

మధ్యలో కాంగ్రెస్ ప్రచారం, మద్రాసు శాసన మండలి సభ్యత్వం. 1969 నాటి 'తుణైవన్'లో పాటకు జాతీయ ఉత్తమ గాయని అవార్డు. 1980లో కన్నుమూశారు.

ఆమెను ఎప్పుడూ వినకపోతే 'తిరువిళైయాడల్'లో జ్ఞానఫలం దక్కక అలిగిన మురుగన్‌ను (కుమారస్వామిని) బుజ్జగించే పాటతో మొదలుపెట్టండి. మొదటి మాట ఎత్తుకోవడంలోనే మైకు లేని నాటకశాల వినబడుతుంది.