తనకా కినుయోను నటిగా మాత్రమే చూస్తే సరిపోదు

అందరికీ నమస్కారం.

జపాన్ సినిమా అనగానే మనం దర్శకులు కురొసావా, ఓజు, మిజోగుచి పేర్లు చెప్పుకుంటాం. ఆ ముగ్గురి సినిమాల్లోనూ నటించిన తనకా కినుయో పేరు మాత్రం చాలామందికి తెలియదు. తెలిసినవాళ్లు కూడా 'మిజోగుచి హీరోయిన్' అని ఊరుకుంటారు. ఆ మాట నాకు అన్యాయంగా అనిపిస్తుంది.

ఆమె 1909లో షిమొనోసెకిలో పుట్టారు. చిన్నప్పుడు ఒసాకాలో బీవా అనే తీగవాద్యం వాయిస్తూ బాలికల నాటక బృందంలో పనిచేసి, 1924లో షోచికు స్టూడియోలో చేరారు. అంతకు కొన్నేళ్ల ముందు దాకా జపాన్ తెరమీద ఆడవేషాలు కూడా మగవాళ్లే వేసేవారు. అంటే సినిమాల్లో నటించిన తొలితరం ఆడవాళ్లలో ఆమె ఒకరు. 1931లో గోషో తీసిన తొలి పూర్తిస్థాయి జపనీస్ టాకీలో కథానాయకుడి భార్య ఆమే. 1938లో నర్సుగా నటించిన 'ఐజెన్ కత్సురా' జనాన్ని ఊపేసింది.

యుద్ధం తర్వాత 1949లో సౌహార్ద యాత్రకు అమెరికా వెళ్లారు. మరుసటి ఏడాది నల్లకళ్లద్దాలు పెట్టుకుని తిరిగొచ్చి, అభిమానుల వైపు గాల్లో ముద్దులు విసిరారు. పత్రికలు విరుచుకుపడ్డాయి. కిమోనోలో వెళ్లిన మనిషి ఇలా తిరిగొచ్చిందేమిటని గోల. ఆ దెబ్బ నుంచి తేరుకుని, 1952లో మిజోగుచి 'ఓహారు జీవితం'లో పడుచుపిల్ల నుంచి దిక్కులేని ముసలిదాకా ఒకే పాత్రను మోశారు. అప్పటికి ఆమెకు నలభై దాటాయి.

అసలు నేను చెప్పాలనుకున్నది ఆ తర్వాతి సంగతి. దర్శకత్వం చేస్తానంటే అడ్డుపడింది మరెవరో కాదు, మిజోగుచే. ఆమె ఆగలేదు. మరో దర్శకుడు నరుసే దగ్గర సహాయకురాలిగా పని నేర్చుకుని, 1953లో 'ప్రేమలేఖ' తీశారు. అమెరికన్ సైనికులతో తిరిగారని లోకం వెలివేసిన ఆడవాళ్ల కథ అది. గాలిముద్దులకే తిట్లు తిన్న మనిషి ఆ కథను ఎంచుకోవడం కాకతాళీయమని నేను అనుకోను. మన భానుమతి గారు 'చండీరాణి'కి దర్శకత్వం వహించింది కూడా అదే ఏడాది!

ఆమె తీసినవి మొత్తం 6 సినిమాలు. రెండో దానికి ఓజు స్క్రిప్టు ఇచ్చి అండగా నిలిచారు. మూడోది, 1955లో వచ్చిన 'శాశ్వత స్తనాలు', నా దృష్టిలో అన్నిటికన్నా గొప్పది. రొమ్ము క్యాన్సర్‌తో 31 ఏళ్లకే చనిపోయిన కవయిత్రి నకాజో ఫుమికో జీవితం దానికి ఆధారం. ఆపరేషన్ తర్వాత కథానాయిక తన స్నేహితురాలి ఇంట్లో స్నానం చేస్తూ తన ఒంటిని దాచుకోని సన్నివేశం ఒకటుంది. చూసేవాళ్లకే ఇబ్బంది, ఆమెకు కాదు. కథానాయికను త్యాగమూర్తిని చేయలేదు. ఆమెకు కోపం ఉంది, కోరిక ఉంది, కవిత్వం మీద ఆశ ఉంది. చావు దగ్గరపడుతున్నా ప్రేమించడానికి సిగ్గుపడదు. ఆ రోజుల్లో ఇంత ధైర్యంగా ఎంతమంది తీశారు చెప్పండి!

1962 తర్వాత తనకా దర్శకత్వం చేయలేదు, కానీ నటన మానలేదు. 'సందాకన్ నం. 8'లో, చిన్నప్పుడే బోర్నియోకు అమ్ముడుపోయిన ముసలమ్మగా నటించి 1975లో బెర్లిన్ చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటి అవార్డు అందుకున్నారు. 1977లో కన్నుమూశారు.

ఆమె సినిమాలు ఈమధ్యే బాగుచేసిన ప్రింట్లతో మళ్లీ బయటికొచ్చాయి. ఏది ముందు చూడాలని అడిగితే, 1955 నాటి ఆ కవయిత్రి కథతో మొదలుపెట్టమంటాను. 'ఓహారు' తర్వాత చూడవచ్చు.