సినిమాలో సవతి, ఇంట్లో మావుసి

అందరికీ నమస్కారం. మన పర్లాకిమిడిలో తెలుగు సభ అంటే వెనక వరసల్లో ఒడియా గుసగుసలు మామూలే. కానివ్వండి, ఈరోజు ఆ భాషతోనూ నాకు పనుంది.

మన కథల్లో సవతి తల్లి అనగానే ధ్రువుణ్ణి తండ్రి ఒడి ఎక్కనివ్వని సురుచి గుర్తొస్తుంది. పాత సినిమాలు ఆవిడ బొడ్లో తాళాల గుత్తి దోపి, పిల్లల చేత అంట్లు తోమించాయి. కొత్తవి ఆవిణ్ణి మంచిదాన్ని చేశాయి, కానీ ఊరికే కాదు. 1998 నాటి 'స్టెప్‌మామ్'లో కన్నతల్లికి క్యాన్సర్ వస్తేగాని కొత్తావిడకు ఇంట్లో చోటు దొరకదు. 2010లో దాన్నే హిందీలో 'వి ఆర్ ఫ్యామిలీ'గా తీస్తే అక్కడా అంతే. మన 'స్వాతిముత్యం' (1986)లో, కొడుకున్న వితంతువు మెడలో తాళి కట్టే శివయ్య లోకం తెలియని అమాయకుడు. తెలిసినవాడు ఆ పని చేస్తాడంటే జనం నమ్మరనుకున్నారు కాబోలు!

ఇళ్ళల్లో టెన్షన్ ఇంత పెద్దది కాదు. ఏమని పిలవాలి? అంతే. అమ్మ పోయిన ఏడాదికి నాన్న గుణుపూరు ఒడియా ఆవిణ్ణి చేసుకున్నారు. అప్పటి చిన్న రైల్లో వచ్చింది. "పిన్నీ అని పిలు" అంది మా నాయనమ్మ. ఎంత తెలివైన మాటండీ అది! అమ్మ చెల్లెలూ పిన్నే, బాబాయి భార్యా పిన్నే, నాన్న రెండో భార్యా పిన్నే. వీధిలో ఎవరికీ గుట్టు తెలియదు. ఆవిడ మాత్రం "మావుసి" అనమంది. ఒడియాలో అమ్మ చెల్లెల్ని అలాగే అంటారు. ఇప్పటికీ మావుసే.

2014లో వచ్చిన 'బాయ్‌హుడ్' నేను రెండుసార్లు చూశాను. ఒకే పిల్లాడితో పన్నెండేళ్ళపాటు తీశారు. అందులో తాగుబోతు మారు తండ్రి ఇంట్లోంచి తల్లి తన ఇద్దరు పిల్లల్నీ తీసుకుని వెళ్ళిపోతుంది. ఆయన పిల్లలిద్దరూ అక్కడే ఉండిపోతారు. అప్పటిదాకా నలుగురూ అన్నదమ్ముల్లా, అక్కచెల్లెళ్ళలా పెరిగినవాళ్ళే. సినిమా మళ్ళీ వాళ్ళ వైపు చూడదు. నాకు మాత్రం మిగతా కథ మీద మనసు నిలవలేదు.

ఎందుకంటే మావుసి వెంట ఒక పాప కూడా వచ్చింది. నాకంటే రెండేళ్ళు చిన్నది. కొన్నాళ్ళకు దాన్ని గుణుపూరులో అమ్మమ్మ దగ్గరికి పంపేశారు. ఎందుకో ఎవరూ చెప్పలేదు, నేనూ అడగలేదు. నిరుడు అక్కడ ఒక పెళ్ళిలో ఎదురైంది. చెల్లీ అనాలో, ఏమండీ అనాలో నాకు తోచలేదు. తనే "తిన్నావా?" అని అడిగి, నా చేతిలో ఆకు పెట్టింది.